బాగుందన్న రెండు రోజులు

సోమవారం పొద్దున నూట పన్నెండో పేజీలో ఎగిరిపోయిన ఒక వత్తును దాని చోట పెట్టి కింది వరసలోకి దిగిన తిరుమల అక్కడే ఆగిపోయింది. ఎర్ర ఇంకు పెన్ను కాగితానికి ఆనించే ఉంచడంతో చుక్క ఊరి ఊరి గురిగింజంత అయింది.

వంటింటి వెనక ఏసురత్నం గిన్నెలు తోముతూ, అల్వాల్ మార్కెట్లో టమాటాలవాడితో తను పెట్టుకున్న తగాదా చెబుతోంది. తిరుమల ‘ఊఁ’ కొట్టడం మరిచిపోయింది.

ప్రూఫులు దిద్దడం ఆమెకు కొత్త కాదు. భర్త వేణుమాధవ్ పుస్తకాలు పదకొండూ ఆమె చేతి మీదుగానే ప్రెస్సుకు వెళ్లాయి. తత్వశాస్త్రం చదివేవాళ్లలో ఆ పేరు వినని వాళ్లుండరు. ఎక్కడెక్కడి యూనివర్సిటీల్లోనో ఆయన మీద థీసిస్సులు రాస్తారు, రాసినవాళ్లు ఆ బైండు పుస్తకాలు తెచ్చి ఈ ఇంట్లో పెట్టి పోతారు, వాటి దుమ్ము ఏసురత్నం దులుపుతుంది. ఇప్పుడాయనకు ఎనభై నిండుతున్నాయని శిష్యులంతా కలిసి అభినందన సంచిక వేస్తున్నారు. రెండేళ్లుగా ఆయన చూపు నడిమధ్యలో మసక కమ్మింది. పక్కనున్నవి కనిపిస్తాయి, ఎదురుగా ఉన్నది కనిపించదు. అందుకని పొద్దున తను ఒక్కతే కూర్చుని తప్పులు దిద్దుతుంది, సాయంత్రం నాలుగింటికి కామాలూ చుక్కలతో సహా ఆయనకు పైకి చదివి వినిపిస్తుంది.

ఈ పేజీలో ఉన్నది ఆ శిష్యుల్లో ఒకడైన అభిరామ్ వ్యాసం. ‘పూర్వపక్షి ఎవరు?’ అని దాని పేరు.

వేణుమాధవ్ పుస్తకాలన్నీ ఒకే తీరుగా నడుస్తాయి. ఆయన ఒక మాట అంటాడు. వెంటనే ఊరూ పేరూ లేని ఒక మనిషి లేచి, కాదు, ఇదిగో ఇందుకు కాదు, అంటాడు. అలా కాదనేవాడిని పాత శాస్త్రాల్లో పూర్వపక్షి అన్నారు, ఈయనా అదే పేరు ఉంచాడు. కాకపోతే పాత శాస్త్రాల్లో పూర్వపక్షి ఓడిపోవడానికే పుడతాడు. ఈ పుస్తకాల్లో సగంసార్లు గెలుస్తాడు. పుస్తకం మూసేశాక వేణుమాధవ్ చెప్పింది మరిచిపోయినా పూర్వపక్షి అడిగింది మరిచిపోలేమని చెప్పేవాళ్లు చాలామంది.

ఆ పూర్వపక్షి కల్పన కాదనీ, నిజంగా ఉన్న మనిషేననీ అభిరామ్ కనిపెట్టాడు. అంతవరకు చదివి తిరుమల కొద్దిగా నిటారుగా కూర్చుంది. ‘పూర్వపక్షి ఉపమానాలన్నీ వంటింటివే’ అని రాశాడు ఆ అబ్బాయి. ‘మూత తీయకుండా పప్పు ఉడికిందని ఎలా అంటారు?’ అన్నదీ, ‘తడి గరిటె ఒక్కసారి ముంచితే చాలు, జాడీ ఊరగాయంతా బూజు పడుతుంది’ అన్నదీ ఉదాహరణలుగా ఇచ్చాడు. తర్వాత ఇలా ఉంది: ‘గురువుగారి సహోద్యోగి, స్వర్గీయ బాబూరావుగారు అవివాహితులు. బేగంపేటలో ఒక్క గదిలో ఉంటూ స్టవ్ మీద స్వయంగా వండుకుని తిన్నవారు. కాబట్టి ఈ పూర్వపక్షి ఆయనే.’

బాబూరావు ఆ స్టవ్ మీద గడ్డం గీసుకోవడానికి నీళ్లు తప్ప మరేమీ కాచిన మనిషి కాడు. ఆదివారం ఆదివారం ఈ ఇంట్లోనే కంచం ముందు కూర్చుని, అమ్మా, వారానికంతటికీ ఇదే నాకు భోజనం, అనేవాడు పాపం. తిరుమలకు ముందు నవ్వొచ్చింది. ఆ నవ్వు ముఖం మీద ఉండగానే తర్వాతి వాక్యం చదివింది.

‘ఈ సంగతి గురువుగారి ముందుంచితే ఆయన చిరునవ్వు నవ్వి ఊరుకున్నారు. మౌనం అంగీకారమే కదా.’

దాన్ని మూడుసార్లు చదివింది. వ్యాసం చివర, వెళ్లినప్పుడల్లా అల్లం టీ ఇచ్చిన తిరుమల మేడం గారికి కృతజ్ఞతలు అని ఉంది. ‘కృతజ్ఞత’లో ఒక తప్పు పడింది. దాన్నీ దిద్దింది. తన మాటలన్నీ మూటగట్టి ఇంకొకరికి ఇచ్చేసిన నాలుగు పేజీల్లో కూడా అచ్చుతప్పు వదిలేయడానికి ఆమె చేయి ఒప్పుకోలేదు.

*

నాలుగయింది. వేణుమాధవ్ గోడ పట్టుకోకుండా, పన్నెండు అడుగులు లెక్కేసుకున్నట్టే వచ్చి భోజనాల బల్ల దగ్గర తన కుర్చీలో కూర్చున్నాడు. తిరుమల గోరుచిక్కుళ్ల పళ్లెం ముందేసుకుని ఈనెలు తీస్తోంది. నలభై రెండేళ్లుగా ఆ ఇంట్లో అదే వరస, ఆమె ఆఫీసుకు వెళ్లినన్నాళ్లూ సాయంత్రం ఆరింటికి, రిటైరయ్యాక నాలుగింటికి. ఆయన ఆ రోజు ఆలోచించింది చెబుతాడు. ఆమె చేతిలో ఏదో ఒక పని ఉంటుంది, కూరో, కుట్టుబట్టో. విని, ఎక్కడ తనకు మింగుడుపడలేదో అక్కడ ఆపుతుంది. ఆయన దానికి అప్పటికప్పుడు జవాబు చెప్పకూడదు. రేపు నాలుగింటికే చెప్పాలి. అప్పటికప్పుడు చెప్పేది జవాబు కాదు, కోపం, అని పెళ్లయిన కొత్తలో ఆమె అంటే, ఆ నియమం ఆయనే పెట్టుకున్నాడు. ఆమె అన్న మాటను అన్నట్టే తన నోటుబుక్కులో, తన చేతిరాతతో రాసుకునేవాడు. అలా నలభై పైచిలుకు నోటుబుక్కులు. వాటిలో ఎక్కడ వెతికినా ఆమె చేతిరాత కనపడదు. ఈ రెండేళ్లలో ఆయన చెబితే ఆమె రాసినవి ఉన్నాయిగానీ, వాటిని చూసినవాళ్లకు అది ఒట్టి డిక్టేషనే.

అభిరామ్ వ్యాసం తర్వాత చదువుకుందామని ఆమె పక్కన పెట్టేసింది. సంచికకు ఆయన చెప్పవలసిన చివరి మాట మిగిలి ఉంది. అది మరుపు గురించి. వయసు మీద పడ్డాక ఆయనకు అదే ధ్యాస. తల కొంచెం పక్కకు వాల్చి, కంటి కొసతో ఆమె చేతుల వైపు చూస్తూ చెప్పాడు.

మనిషి తనకు తెలిసినదాన్నే మరిచిపోగలడు, తెలియనిదాన్ని మరవలేడు. కాబట్టి మరుపు అజ్ఞానం కాదు, అదీ ఒక తీరు జ్ఞానమే.

ఆమె చేతిలో గోరుచిక్కుడు టప్పున విరిగింది. గిన్నె అడుగున మాడు చూస్తే అన్నం వండారని తెలుస్తుంది, అంతమాత్రాన మాడు అన్నమవుతుందా? మాట నాలుక చివరిదాకా వచ్చింది. దాన్ని మింగేసి, నోటుబుక్కు లాక్కుని ఆయన చెప్పింది రాసింది.

“బాగుంది,” అంది.

ఆయన కాసేపు ఎదురుచూశాడు.

“బాగున్నదా?”

“బాగుంది.”

“ఏం బాగున్నది?”

“అంతా బాగుంది,” అని, ఆమె ఈనెల కుప్ప పళ్లెంలో ఒక పక్కకు తోసి, కుక్కరు పెట్టడానికి లేచింది. ఆయన మాత్రం ఆ కుర్చీలో చాలాసేపు, మెట్టు ఉందనుకుని కాలు వేస్తే నేల తగిలినవాడిలా కూర్చున్నాడు.

*

మంగళవారం కూడా ఆమె బాగుందనే అంది.

ఆయన ఊరుకునే మనిషి కాడు. రెండో పేరా చెబుతున్నవాడు చెబుతున్నట్టే, మరుపు అంటే ఏమీ తెలియకపోవడమే, అది శుద్ధ అజ్ఞానం, అనేశాడు. నిన్న జ్ఞానమని రాయించినదాన్ని ఇవాళ అజ్ఞానమన్నాడు. అది పొరపాటు కాదని తిరుమలకు తెలుసు. ఆ మాట అన్నాక ఆయన ముఖం, గాలం వేసి బెండు వైపు చూస్తున్న మనిషి ముఖంలా ఉంది. ఆమె వేళ్లు పెన్ను మీద బిగిశాయి. ఇంత పెద్ద రాయి అన్నంలో కనపడుతుంటే తీయకుండా తినడం ఎంత కష్టమో ఆమెకు అప్పుడే తెలిసింది. రాసింది. కిందటి వాక్యం పక్కనే, గుండ్రటి అక్షరాలతో, తేడా ఏమీ లేనట్టు.

“చదవమంటారా?”

“చదువు.”

చదివింది. మరుపు ఒక తీరు జ్ఞానమే, చుక్క. మరుపు శుద్ధ అజ్ఞానం, చుక్క.

“ఎట్లున్నది?”

“బాగుంది.”

“తిరుమలా, జెర ఇటు చూడు. తబియత్ మంచిగున్నదా నీకు?”

తనకేమీ కాలేదనీ, బీపీ మాత్ర వేసుకుందనీ చెప్పి, ఆమె బట్టలు తీయడానికి డాబా మీదికి వెళ్లింది. అక్కడ ఆరిన లుంగీ మడతపెడుతూ, ఆయన నవ్విన నవ్వు ఎలాంటిదై ఉంటుందో ఊహించడానికి ప్రయత్నించింది. అభిరామ్ ఎదురుగా కూర్చుని ‘బాబూరావుగారే కదా సార్’ అంటే ఈయన నవ్వాడు. ఆ పూట తను వంటింట్లో అల్లం దంచుతూ ఉండి ఉంటుంది. గోడకు అవతల. కాదు, అని ఒక్క మాట, లేదా ఆ గోడ వైపు ఒక్క చూపు. ఆమె కోరుకునేది అంతకన్నా పెద్దదేమీ కాదు. పేరు అచ్చులో పడాలని ఆమె ఎన్నడూ అడగలేదు. పడకపోయినా ఆ మాటలు తనవేనని ఎరిగిన మనిషి లోకంలో ఒకడున్నాడు, ఆ ఒక్కడూ చాలు, అనుకుని ఇన్నాళ్లూ నడిచింది. ఆ ఒక్కడే ఊరుకుంటే ఇంక అవి ఎవరివి? లుంగీ మడతలు వంకరపోయాయి. విదిలించి మళ్లీ మొదలుపెట్టింది.

ఏసురత్నం చీపురు పట్టుకుని మెట్లెక్కి వచ్చింది.

“ఏందమ్మా, సార్‌తోని లడాయి బంద్ జేసినవా?” అంది.

లడాయి ఏమిటి, అంది తిరుమల. రోజూ నాలుగింటికి ఇద్దరూ అరుచుకుంటుంటే పక్కింటి పోర్షన్ వాళ్లు తనను అడుగుతుంటారట, సార్ అంత చదువుకున్నాయన గదా, ఇంట్ల గిట్లెందుకు కొట్లాడతడు, అని. తను వాళ్లకు సర్దిచెబుతుందట. రెండు దినాల నుంచి చప్పుడు లేకపోయేసరికి ఏసురత్నానికే భయమైందట.

“మా ఇంట్ల చప్పుడు బందయితే మా ఆయన తాగి పండినట్టు. మీ ఇంట్ల బందయితే ఏమైనట్టమ్మా?”

తిరుమల దండెం మీది క్లిప్పులు ఒక్కొక్కటే తీసి డబ్బాలో వేసింది.

*

బుధవారం మధ్యాహ్నం మోండా మార్కెట్ వెనక ప్రెస్సు నుంచి పేతురు ఫోన్ చేశాడు. వేణుమాధవ్ పుస్తకాలకు పాతికేళ్లుగా అక్షరాలు కూర్చేది అతనే. రేపు సాయంత్రం ఆరింటికి పేజీలన్నీ మూసేస్తాననీ, వెనక పదసూచిక కూడా అయిపోయింది కాబట్టి ఇక పేజీ సంఖ్యలు కదలకూడదనీ చెప్పాడు. తప్పులుంటే దిద్దుకోవచ్చు, కానీ నాలుగు పేజీలు తీస్తే నాలుగు పేజీలు పెట్టాలి. అతను మామూలుగా అన్న మాటే అది. తిరుమల మాత్రం ఫోన్ పెట్టేశాక నూట పన్నెండు నుంచి నూట పదిహేను దాకా ఆ నాలుగు పేజీలనూ విడిగా తీసి, చివరలు సమంగా సర్దింది.

నాలుగింటికి ఆయన కుర్చీలో కూర్చుంటూనే, ఇవాళ తాను ఏమీ చెప్పనన్నాడు. అభిరామ్ వ్యాసం చదవమన్నాడు. ఎందుకు పక్కన పెట్టిందో తనకు తెలియదు గానీ, సోమవారం దాన్ని పక్కన పెట్టింది, సోమవారం నుంచే బాగుందనడం షురూ చేసింది. పొగా నిప్పూ పక్కపక్కనే ఉన్నప్పుడు తనకు కళ్లు కనపడకపోయినా నష్టం లేదన్నాడు.

ఆమె చదివింది. కామాలూ చుక్కలతో సహా. గొంతు ఎక్కడా ఎత్తలేదు, దించలేదు. బాబూరావు స్టవ్ దగ్గరికి వచ్చేసరికి ఆయన భుజాలు కదిలాయి. ‘చిరునవ్వు నవ్వి ఊరుకున్నారు’ దగ్గర ఆగిపోయాయి. అల్లం టీ దాకా చదివి, చుక్క, అని, కాగితాలు బల్ల మీద బోర్లించింది.

స్టేషన్ వైపు నుంచి లోకల్ రైలు కూత వినిపించింది.

“నవ్విన,” అన్నాడాయన. “అబద్ధం రాయలే పిలగాడు. నవ్వి ఊకున్న.”

“ఎందుకూ?”

“మరేం జెయ్యమంటవు? మాటిచ్చిన గద.”

“ఎవరికి?”

ఆయన తల తిప్పి, ఆమె ముఖం కంటి కొసకు దొరికేలా చూశాడు. ఆమె ఆట పట్టిస్తోందేమో చూస్తున్నట్టుంది.

“నీకే,” అన్నాడు. “యాది లేదా? మీ ఆఫీసు సైకిల్ స్టాండ్ కాడ. మొదటి పుస్తకం ప్రెస్సుకు పోయే ముందు రోజు. నీ పేరు సుత వేస్తున్న అని చెప్పనీకి వస్తే, టిఫిన్ డబ్బా సైకిల్ సీటు మీద పెట్టి, నా చెయ్యి లాగి నీ చేతిల వేయించుకున్నవు. నా పేరు ఎక్కడ రాయొద్దు, ఎవరడిగినా చెప్పొద్దు, అన్నవు.”

తిరుమల కాదని చెప్పబోయింది. టిఫిన్ డబ్బా అనే మాట ఆమెను ఆపింది. పైన మూతకు సొట్టపడ్డ డబ్బా. పెరుగన్నం. అప్పుడు తను సర్కారు ఆఫీసులో గుమస్తా. ఉద్యోగం ఇంకా పర్మనెంటు కాలేదు. పర్మిషన్ లేకుండా పుస్తకాల్లో పేరు పడితే ఇంటికి పంపించేస్తారని పక్క సీటావిడ ఎవరో అంటే, నిజమో కాదో కనుక్కునే ధైర్యం కూడా లేక, వారం రోజులు అన్నం సయించలేదు. అవును. చెయ్యి వేయించుకుంది. ఆయన చేతికి కార్బన్ కాగితం మరక ఉంది. అది తన చేతికి అంటుకుంటే మధ్యాహ్నమంతా సబ్బుతో తోముకుంది.

మరక గుర్తుంది, మాట గుర్తులేదు. అంతకాలం గుండెల మీద కూర్చున్న భయం, ఉద్యోగం పర్మనెంటైన రోజున లేచిపోతూ ఆ మాటను కూడా వెంట తీసుకుపోయినట్టుంది.

మూడు రోజులుగా పక్కటెముకల కింద బిగిసి ఉన్నదేదో వదులైంది. ఆయన తనను ఎవరికీ ఇచ్చేయలేదు. దాచి ఉంచాడు, తనే దాచమన్నదాన్ని. ఆ తేలిక ఎంత హఠాత్తుగా వచ్చిందంటే, ఆమె గోరుచిక్కుళ్లు లేని ఖాళీ పళ్లెంలోనే వేళ్లు ఆడించింది.

తేలికపడ్డ వెంటనే ఆమెకు కోపం వచ్చింది. అది వేరే కోపం, పాతది, రోజూ నాలుగింటికి వచ్చేది.

“నేను రిటైరై పదేళ్లయింది,” అంది. “ఆ మాట ఇంకా ఉందా తీసేయాలా అని ఒక్కసారి అడగొచ్చు కదేటి?”

“ఇచ్చినోడు అడుగుడేంది? తీసుకున్నోళ్లు వాపస్ ఇయ్యాలె.”

“ఇచ్చానన్నదే గుర్తులేనిదాన్ని వాపసెలా ఇస్తానండీ?”

ఆమె బల్ల మీదికి వంగింది. గొంతు పెరిగిందని ఆమెకు తెలియలేదు.

“ఇంకోటి. మాట నిలబెట్టుకున్నారు, సరే. కాదనను. పదకొండు పుస్తకాలు. అందరూ మిమ్మల్నే మెచ్చుకున్నారు. ఆ మాట నిలబెట్టుకోడం మీకు కష్టంగా ఉండీదా, సుఖంగా ఉండీదా?”

పక్క పోర్షన్ కిటికీ తలుపు కొద్దిగా తెరుచుకుంది. మెట్ల మీద ఊడుస్తున్న ఏసురత్నం చీపురు చప్పుడు ఆగి, మళ్లీ హుషారుగా మొదలైంది.

వేణుమాధవ్ ముఖం మీద, మూడు రోజులుగా లేని రంగు ఏదో వచ్చింది. రెండు చేతులతో కుర్చీ చేతులు పట్టుకున్నాడు.

“రేపు,” అన్నాడు.

*

గురువారం పదకొండింటికి అభిరామ్ యాప్రాల్ నుంచి స్కూటర్ మీద వచ్చాడు. తెల్ల చొక్కా, భుజానికి ల్యాప్‌టాప్ సంచి. దిద్దిన ప్రూఫులు తీసుకుపోవడానికి వచ్చినవాడు, సార్ తన వ్యాసం విన్నారా అని అడిగి చేతులు నలుపుకుంటూ కూర్చున్నాడు. మంచి పిల్లవాడు. ఎన్నిసార్లు వచ్చినా టీ గ్లాసు తనే కడిగి బోర్లించి వెళ్లేవాడు. అతని మీద కోపం తెచ్చుకోవాలని తిరుమల పొద్దున్నుంచి చూసింది గానీ రాలేదు.

వేణుమాధవ్ విన్నానన్నాడు.

టీ ఇచ్చి తిరుమల లోపలికి వెళ్లలేదు. కుర్చీ లాక్కుని బల్ల దగ్గర కూర్చుంది. అభిరామ్ మర్యాదకు కాళ్లు దగ్గరికి తీసుకున్నాడు.

“బాబూ, నీ వ్యాసంలో నాకొకటి మింగుడుపడలేదు,” అంది. “వంట మాటలు మాట్లాడినవాడు వంట తెలిసినవాడే అయ్యుండాలి అన్నావు. అక్కడిదాకా బాగానే ఉంది. వాసనొస్తే పొయ్యి వెలిగినట్టే. కానీ అది ఎవరింటి పొయ్యో వాసన చెప్పదు కదా? రోజూ మధ్యాహ్నం పక్కింటి చేపల పులుసు వాసన మా హాల్లోకే వస్తుంది. వాసన ఇక్కడుందని, పులుసు మేమే వండామని రాసీస్తావేటి?”

అభిరామ్ జవాబు చెప్పడానికి సిద్ధంగా నవ్వాడు. ఆ నవ్వు అలాగే ఉండిపోయింది. గ్లాసు బల్ల మీద పెట్టాడు.

“మేడం, బాబూరావు సార్ స్వయంగా వండుకునేవారని…”

“గదిలో స్టవ్ ఉండేదని విన్నావు. మూత తీసి చూశావా?”

ఆ మాట అన్నాక ఆమెకే తెలిసింది, అది రెండో పుస్తకంలో ఉన్నదే. అభిరామ్‌కీ తెలిసింది. ఆ పుస్తకాలు అతనికి నోటికి వచ్చు. ఆ గొంతు ఎవరిదో వెతుకుతూ ఆరేళ్లు తిరిగాడు. అటూ ఇటూ చూడకుండా ఎదురుగా ఉన్న ఆమె ముఖం వైపే, ఆమె చేతిలో నలుగుతున్న కొంగు చివర వైపే చూస్తూ ఉండిపోయాడు. మెల్లిగా చెవుల దాకా ఎర్రబడ్డాడు.

“సార్?” అన్నాడు, అటు తిరక్కుండానే.

“నన్నడగకు,” అన్నాడు వేణుమాధవ్ హాయిగా వెనక్కి వాలి. “నేను ఒకరికి మాటిచ్చి ఉన్న.”

అభిరామ్ లేచి నిలబడ్డాడు. మళ్లీ కూర్చున్నాడు. ఆరేళ్లు తన ఎదురుగా టీ పెట్టిన మనిషి, అన్నాడు. సారీ మేడం, అని నాలుగైదు సార్లు అన్నాడు. వ్యాసం తీసేస్తాననీ, ఆ చోటు ఖాళీ అయితే పేతురు ఒప్పుకోడు కాబట్టి సాయంత్రంలోగా అసలు సంగతితో కొత్తది రాసిస్తాననీ ల్యాప్‌టాప్ తెరిచాడు. తిరుమల దాన్ని తన అరచేత్తో మెల్లిగా మూసింది. ఎవరి గురించి ఎవరు రాసినా అది నాలుగు పేజీల కృతజ్ఞతే అవుతుందనీ, ఆ నాలుగు పేజీలకు సరిపడా సరుకు మూడు రోజులుగా తన కడుపులోనే ఉందనీ చెప్పింది. అన్నం తిని వెళ్లమంది. ఆ పూటకు చారు ఒక్కటే.

మధ్యాహ్నమంతా రాసింది. తన చేతిరాతతో, పైన ‘పూర్వపక్షం’ అని పెట్టి, ఆయన చివరి మాట మీద. మాడు అన్నం కాదన్నది మొదట రాసింది. జ్ఞానమనీ అజ్ఞానమనీ రెండు నాలుకలతో మాట్లాడారన్నది తర్వాత రాసింది. చివరి పేజీ దగ్గర పెన్ను ఆగింది. సైకిల్ సీటు మీద టిఫిన్ డబ్బా కనిపించింది. నేను మరిచిపోయానన్న సంగతి నాకై నాకు ఎన్నటికీ తెలియదు, అని రాసింది. మరవని మనిషి ఒకరు పక్కన ఉంటేనే మరుపు మరుపని తెలుస్తుంది. అలాంటప్పుడు అది ఏ ఒక్కరి జ్ఞానమో ఎలా అవుతుంది?

రాసింది ఆయనకు చదివి వినిపించేసరికి నాలుగయింది. ఆయన చివరి పేజీ రెండుసార్లు చదివించుకున్నాడు. తర్వాత గొంతు సవరించుకున్నాడు.

“నిన్నటిదానికి జవాబు. సుఖంగనే ఉండె,” అన్నాడు. “మాట నిలబెడుతున్న అనుకుంట ఉంటే, పేరు తింటున్న అన్నది కనపడలే. నువ్వు రిటైరైన దినం అడగాలని అనుకున్న. అడగలే. అంతే. దీనికి ఇంకో జవాబు లేదు నా దగ్గర.”

ఇంతకాలంలో ఆయన చెప్పిన జవాబులన్నిటికన్నా ఇది పొట్టిది. దీనికి ఎదురు చెప్పవలసింది ఏదీ ఆమెకు కనపడలేదు. చెయ్యి చాచి ఆయన అరచేతిని తన అరచేతి మీద వేసుకుని, వెంటనే తీసేసింది.

“మాట వాపసు,” అంది.

ఆయన పెద్దగా నవ్వాడు. సోఫాలో ఫోన్ చూసుకుంటున్న అభిరామ్ తల ఎత్తి, ఎందుకో తెలియకుండానే తనూ నవ్వాడు.

ఆ నాలుగు పేజీల పైన తన మాటగా ఒక్క వాక్యం ఉండాలన్నాడు వేణుమాధవ్. తిరుమల ఎర్ర పెన్ను తీసింది. ఆయన నిటారుగా కూర్చుని, ఒక్కో మాట విడదీసి చెప్పాడు.

“నా పుస్తకాలన్నిటిలోనూ పూర్వపక్షి నా భార్య తిరుమల. చుక్క.”

ఆమె రాసింది. పెన్ను కాగితం మీదే ఉంచింది.

“అభ్యంతరం ఉంది,” అంది.

ఆయన ముఖం వెలిగింది. “చెప్పు.”

“అక్కడ ‘నా భార్య’కి ఏటి పని?”

“భార్యవే గద?”

“భర్త మాటను కాదనని భార్య ఏ ఇంట్లో ఉందండీ? అందరూ పూర్వపక్షులేటి? కాదన్నది ఎవరో చెప్పండి చాలు. ఆవిడ మీకేమవుతుందో పుస్తకం చదివేవాడికి ఎందుకూ?”

ఆయన కళ్లు మూసుకున్నాడు. ఆలోచించాడు. అలవాటు ప్రకారం కుడిచెయ్యి పైకి లేచింది.

“రేపు…”

“సార్,” అన్నాడు అభిరామ్ లేచి నిలబడి, గడియారం చూసుకుంటూ. “ఆరింటికి పేతురు పేజీలు మూసేస్తాడు సార్. ట్రాఫిక్‌లో మోండా దాకా గంట పడుతుంది.”

లేచిన చెయ్యి గాల్లోనే ఉంది. పక్క కిటికీలో ఎవరో నిలబడ్డ నీడ కూడా కదలకుండా ఉంది. వేణుమాధవ్ ఆ చేతిని మెల్లిగా దించి బల్ల మీద పెట్టాడు.

“ఒప్పుకున్న,” అన్నాడు. “కొట్టెయ్.”

తిరుమల ‘నా భార్య’ అన్న రెండు మాటల మీద ఎర్రగీత లాగి, మార్జిన్‌లో తీసేయమనే గుర్తు వేసింది, తోక కొంచెం పొడుగ్గా. నలభై రెండేళ్లలో జవాబు అదే రోజున రావడం అదే మొదలు. కాగితాలు అభిరామ్ రెండు చేతులతో అందుకున్నాడు.

అతను చెప్పులు వేసుకుంటుండగా వేణుమాధవ్ తల పక్కకు వాల్చి, ఆమె ఎక్కడుందో చూసుకుని అడిగాడు.

“ఇప్పుడెట్లున్నది? బాగున్నదా?”

తిరుమల పెన్నుకు మూత పెట్టింది. ఖాళీ టీ గ్లాసులు తీసుకుని లేచింది.

“రేపు చెప్తాను,” అంది.